చిన్న గ్రంథి... కొండంత ముప్పు

కిడ్నీల మీద టోపీ పెట్టినట్టు రెండు చిన్న గ్రంథులుంటాయి. అవే అడ్రినల్ గ్రంథులు. ఒక్కోటి నాలుగైదు గ్రాముల బరువుంటుందంతే. కానీ బీపీ పడిపోకుండా, ఒంట్లో చక్కెర తగ్గిపోకుండా, ఉప్పూ నీరూ సమతూకం తప్పకుండా కాపాడేది వీటి హార్మోన్లే. జ్వరమొచ్చినా, దెబ్బ తగిలినా, ఆపరేషన్ జరిగినా శరీరం తట్టుకోవాలంటే వీటిలో తయారయ్యే కార్టిసాల్ కావాలి. ఈ గ్రంథుల్లో రక్తస్రావం కావడం అరుదే. అయితే సకాలంలో గుర్తించకపోతే ప్రాణం మీదికి వస్తుంది.

తూము ఒక్కటే!

అడ్రినల్ గ్రంథుల్లోకి పదుల కొద్దీ సన్నటి ధమనులు రక్తాన్ని తెస్తాయి. బయటికి పోయేందుకు మాత్రం ప్రధానంగా ఒక్కటే సిర. కాలువలన్నీ చెరువులోకి చేరి, తూము ఒక్కటే ఉన్నట్టన్నమాట. పెద్ద జబ్బు చేసినప్పుడు గ్రంథులు ఎక్కువ పని చేయాలి కాబట్టి రక్తం ముంచెత్తుతుంది. అదే సమయంలో సిర బిగుసుకున్నా, అందులో రక్తం గడ్డకట్టినా లోపలి సన్న నాళాలు చిట్లిపోతాయి.

ఎవరికి ముప్పు?

రక్తంలోకి ఇన్‌ఫెక్షన్ పాకినవారికి ఈ ప్రమాదముంది. ముఖ్యంగా మెదడుపొరల వాపు తెచ్చే మెనింగోకాకస్ బ్యాక్టీరియాతో. దీన్ని 1911లో బ్రిటన్ వైద్యుడు రూపర్ట్ వాటర్‌హౌస్, 1918లో డెన్మార్క్ పిల్లల వైద్యుడు కార్ల్ ఫ్రిడరిక్సన్ వివరించారు. అందుకే దీనికి వాటర్‌హౌస్-ఫ్రిడరిక్సన్ సిండ్రోమ్ అని పేరు. 2005లో ఢిల్లీని వణికించింది కూడా ఈ బ్యాక్టీరియానే. తీవ్ర జ్వరంతో పాటు ఒంటిమీద ఊదారంగు మచ్చలు కనిపిస్తే గంటల్లోనే పరిస్థితి చేయిదాటవచ్చు.

హెపారిన్, వార్ఫరిన్ వంటి రక్తాన్ని పలచబరిచే మందులు వాడేవారు, పెద్ద ఆపరేషన్ అయినవారు, యాంటీ ఫాస్ఫోలిపిడ్ సిండ్రోమ్ ఉన్నవారు, ప్రమాదాల్లో కడుపుకి గట్టి దెబ్బ తగిలినవారు, గ్రంథిలో కణితి ఉన్నవారు కూడా జాగ్రత్తపడాలి.

కాన్పు కష్టమైనప్పుడు, బిడ్డ బరువు ఎక్కువైనప్పుడు, ఆక్సిజన్ అందనప్పుడు పసికందుల్లోనూ ఇలా జరగొచ్చు. కామెర్లు తగ్గకపోవడం, కడుపులో గడ్డలా తగలడం దీని గుర్తులు. చాలామందిలో రక్తం దానంతటదే కరిగిపోతుంది. అయినా డాక్టర్ చెప్పినన్నాళ్లూ అల్ట్రాసౌండ్ పరీక్షలు చేయించాలి.

ఎందుకు పసిగట్టలేం?

నడుం పక్కన లేదా పైకడుపులో నొప్పి, జ్వరం, వాంతులు, నీరసం, తికమక. ఇవన్నీ వేరే జబ్బుల్లోనూ ఉండేవే. ఒక గ్రంథే దెబ్బతింటే రెండోది ఆ పని చూసుకుంటుంది. రెండూ దెబ్బతింటేనే అసలు ముప్పు. పోయిన రక్తం కొద్దిగానే ఉన్నా హార్మోన్లు ఆగిపోతాయి. బీపీ పడిపోతుంది. సెలైన్ ఎక్కించినా లేవదు. రక్తంలో సోడియం తగ్గి, పొటాషియం పెరుగుతుంది.

సీటీ స్కాన్, కార్టిసాల్ పరీక్షలతో నిర్ధారిస్తారు. అయితే అనుమానం బలంగా ఉంటే ఫలితాల కోసం ఆగకుండా హైడ్రోకార్టిసోన్ ఇంజెక్షన్ ఇస్తారు. పెద్దలకు సాధారణంగా మొదటి మోతాదు 100 మిల్లీగ్రాములు. దాంతోపాటు సెలైన్, ఇన్‌ఫెక్షన్ ఉంటే యాంటీబయాటిక్స్.

కోలుకున్నాక...

రెండు గ్రంథులూ పాడైనవారిలో చాలామంది జీవితాంతం స్టిరాయిడ్ మాత్రలు వేసుకోవాలి. 'బాగానే ఉందిగా' అని సొంతంగా ఆపేస్తే మళ్లీ ప్రాణాపాయమే. జ్వరం వస్తే మోతాదు ఎంత పెంచాలో, వాంతులై మాత్ర నిలవకపోతే ఏం చేయాలో డాక్టర్ని ముందే అడిగి పెట్టుకోవాలి. ఈ సంగతి రాసిన కార్డు ఎప్పుడూ జేబులో ఉండాలి. ఇంట్లోవాళ్లకూ తెలిసి ఉండాలి.

మెనింగోకాకస్‌కు టీకా ఉంది. హజ్ యాత్రికులకు ఇది తప్పనిసరి. మీకు, మీ పిల్లలకు అవసరమా అన్నది వైద్యుల్ని అడగండి. రక్తం పలచబడే మందులు వాడుతుంటే ఆ సంగతి ఏ ఆస్పత్రికి వెళ్లినా ముందే చెప్పండి.