మాట మార్చినంత మాత్రమున

“సొంతమాటలలో వ్రాయుము” అను ప్రశ్న తెలుగు పరీక్షాపత్రములలో చిరకాలముగా నున్నది. పాఠమును గ్రహించి తిరిగి చెప్పుమనుటయే దాని యుద్దేశము. కాని పెక్కుమంది విద్యార్థులు చేయుచున్న పని వేరు. పుస్తకములో ‘సూర్యుడు’ ఉన్నచోట ‘భానుడు’, ‘అడవి’ ఉన్నచోట ‘అరణ్యము’ పెట్టి, వాక్యమును ఉన్నదున్నట్లు దించివేయుచున్నారు. గైడు పుస్తకములు ఈ దారినే చూపుచున్నవి. మార్కులును పడుచున్నవి. ఇప్పుడు యంత్రములు సయితము ఈ పనిని క్షణములో చేసిపెట్టుచుండగా, దీనిని విద్య యని పిల్లలకు నేర్పుట ఎంతవరకు న్యాయము?

పర్యాయపదములు మన బడులకు క్రొత్తవి కావు. అమరకోశమును బాలురు వల్లించిన కాలము కలదు. పైడిపాటి లక్ష్మణకవి ‘ఆంధ్రనామసంగ్రహము’, ఆడిదము సూరకవి ‘ఆంధ్రనామశేషము’ తెలుగు మాటలకు అట్టి సేవయే చేసినవి. అయితే ఆ సంపద పద్యము వ్రాయువానికి మిక్కిలి యవసరము. ఉత్పలమాలలో పదవ యక్షరమున యతి కుదురవలెను. ప్రతిపాదమున రెండవ యక్షరము ప్రాసకు లొంగవలెను. అంతటి నిర్బంధమున్నవానికి ఒక్క యర్థమునకు పది మాటలున్నను చాలవు. గద్యములో జవాబు వ్రాయు బాలునికి ఆ నిర్బంధము లేదు. నకలు కనబడకుండుటయే వానికి కావలసినది.

ఒక్క యర్థము గల మాటలన్నియు ఒక్కటియే యనుకొనుట పెద్ద పొరపాటు. ‘చేయి తిరిగిన రచయిత’ను ‘హస్తము తిరిగిన రచయిత’ యన్నచో నవ్వు వచ్చును. అన్యాయము చూచి కడుపు మండినవాడు ‘ఉదరము మండినది’ యన్నచో వైద్యుని పిలుతురు. శ్రీరామనవమినాడు భద్రాచలములో జరుగునది కల్యాణము. పొరుగింట జరుగునది పెండ్లి. ఇక ‘భూపాలుడు’లోని ‘భూ’ తీసి ‘నేల’ పెట్టినచో, వైరిసమాసమను దోషము మాట యటుంచి, పాపము, రాజే నేలపాలగును!

మన ఆలంకారికులు పదములను మార్చి చూడకపోలేదు. కాని వారు మార్చినది దాచుటకు కాదు, పరీక్షించుటకు. మాట తీసి పర్యాయపదము పెట్టినను చమత్కారము నిలిచినచో అది అర్థమునకు చెందినది. చెడినచో శబ్దమునకు చెందినది. పదునొకండవ శతాబ్దమున మమ్మటుడు ‘కావ్యప్రకాశము’లో శబ్దశ్లేషను, అర్థశ్లేషను వేరుపరచినది ఈ కొలతతోనే. ముఖము చంద్రునివలె నున్నదన్నను, వదనము ఇందునివలె నున్నదన్నను ఉపమ చెడదు. ‘హరి’ యన్న ఒక్క మాటతో విష్ణువును, సింహమును కలిపి స్ఫురింపజేసినచోట ‘విష్ణువు’ అని మార్చినంతనే సింహము మాయమగును. రామకథను, భారతకథను ఒకే పద్యములలో నడపిన పింగళి సూరన ‘రాఘవపాండవీయము’లో ఇట్లు మాటలు మార్చుచు పోయినచో రెండు కథలలో ఏదో యొకటి కూలిపోవును.

ఈ పరీక్షను తరగతిగదిలోనికి తెచ్చుట కష్టము కాదు. పాఠములోని ఒక వాక్యమును నల్లబల్లపై వ్రాసి, ఒక్క మాట మార్చి, ఏమి పోయినదో, ఏమి వచ్చినదో పిల్లలనే చెప్పుమనవచ్చును. ఆ చర్చలో పర్యాయపదముల జాబితాలు చెప్పలేని సంగతులు పెక్కు బయటపడును. సొంతమాటలు కావలసినప్పుడు పుస్తకము మూయించి, ఆ పాఠము చదువని తమ్మునికో చెల్లెలికో చెప్పునట్లు వ్రాయుమనవలెను. అప్పుడు పుస్తకములోని ‘అడవి’ జవాబులోను అడవిగానే యుండవచ్చును. దానికి మార్కు తగ్గింపరాదు.