కుంచె పట్టిన చెయ్యి, పట్టించిన చెయ్యి

'అమ్ముడుపోయాడు' అనే మాట మన మీటింగుల్లో మహా తేలిగ్గా దొర్లుతుంది. ఆ మాట విన్నప్పుడల్లా మాకు కంబోడియా పెయింటర్ వాన్ నాత్ గుర్తొస్తాడు.

పేదింటి బిడ్డ. బట్టంబాంగ్‌లో సినిమా బోర్డులు రాసుకుని బతికినవాడు. 1975 ఏప్రిల్‌లో పోల్ పాట్ ముఠా గద్దెనెక్కి పట్నాల జనాన్నంతా పొలాలకు తోలింది. పేదల రాజ్యమన్నారు. నాలుగేళ్ళు తిరక్కుండానే పదిహేను లక్షలకు పైగా జనం ఆకలికీ, రోగాలకీ, హత్యలకీ బలయ్యారు.

1978 జనవరిలో నాత్‌ని నాంపెన్‌లోని ఎస్-21 జైల్లో పడేశారు. అది ఒకప్పుడు పిల్లలు చదువుకున్న బడి! కాళ్ళకి ఇనప కడ్డీ, పూటకి నాలుగు చెంచాల గంజి. పక్కవాడు చచ్చిపోతే శవం పక్కనే కూచుని తాగాలి. నెల తర్వాత కిందికి దింపి, చేతికో ఫోటో ఇచ్చి బొమ్మ వెయ్యమన్నారు. పోల్ పాట్ ఫోటో.

వేశాడు. నెలల తరబడి వేస్తూనే ఉన్నాడు. బయట అరుపులు వినపడుతుంటే ఆ హంతకుడి బుగ్గలు నున్నగా దిద్దాడు. చంపాల్సినవాళ్ళ జాబితాలో ఆయన పేరు దగ్గర, పనికి ఉంచమని జైలు పెద్ద డుచ్ రాశాడు. పన్నెండు వేలమందికి పైగా పోయిన ఆ జైల్లో చివరికి మిగిలినవాళ్ళని వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు.

వెయ్యనని అనొచ్చుగా అంటారు కొందరు. మెడ మీద కత్తి లేనివాడికి ఎన్ని మాటలైనా వస్తాయి. నాత్ చేసింది వెట్టి. వెట్టి అంటే ఏంటో మన వాడలకి ఒకరు చెప్పాలా? దండకీ, పదవికీ ఆశపడి దొర బొమ్మకి రంగులద్దేవాడు వేరు. వాణ్ణి నిలదీద్దాం, తప్పులేదు.

1979 జనవరి 7న ఆ రాజ్యం కూలింది. జైలు మ్యూజియమయ్యాక నాత్ మళ్ళీ అక్కడికే వెళ్ళాడు. ఈసారి చిత్రహింసల బొమ్మలు వేశాడు, అదే చేత్తో. పోల్ పాట్ బొమ్మలు వేశానని ఏనాడూ దాచలేదు. 2003లో వచ్చిన సినిమాలో పాత కాపలావాళ్ళని ఎదురుగా కూచోబెట్టి అడిగాడు. మేమూ బాధితులమే అన్నారు వాళ్ళు. మరి చచ్చినవాళ్ళనేమనాలి అన్నాడాయన. 2009లో కోర్టుకెక్కి డుచ్ మీద సాక్ష్యం చెప్పాడు. 2011లో పోయాడు. డుచ్‌కి యావజ్జీవం పడింది 2012లో.

అదే జైల్లో బొమ్మలేసి బతికిన ఇంకో పెయింటర్ బూ మెంగ్. ఆయన భార్యని చంపేశారు. ఆమెని ఎక్కడ చంపావని కోర్టులో డుచ్‌ని అడిగాడు. డుచ్ ఏడ్చాడు గానీ, ఫలానా చోటని గట్టిగా చెప్పలేకపోయాడు.