అసలు కంటే వడ్డీ ముద్దా?

ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు అన్నారు పెద్దలు. ఆ మాట పుట్టిన రోజుల్లో ఇల్లు కట్టడమంటే కలప, సున్నం, ఇటుక, మేస్త్రీ – వీటితోనే గృహస్థుకు తల ప్రాణం తోకకు వచ్చేది. కూడబెట్టిన పైకమో, ఇల్లాలి నగలో, పొలంలో ఒక చెక్కో అందుకు హరించుకు పోయేది. అయినా గృహప్రవేశం నాటికి ఇంటికి ఎంతయిందో లెక్క తేలిపోయేది. ఈ రోజుల్లో వరస తిరగబడింది. గృహప్రవేశం ముందు, లెక్క తేలేది ఇరవై ఏళ్ళ తర్వాత.

ఇంటి కోసం అప్పు చేయవద్దని హితబోధ చేయడానికి నేను పూనుకోలేదు. విజయవాడలో గాని, హైదరాబాదులో గాని నెల జీతం మీద బ్రతికే కుటుంబం అప్పు లేకుండా ఇల్లు కొనుక్కోవడం సామాన్యంగా అయ్యే పని కాదు. కాని అప్పు చేసేటప్పుడు మనం అడిగే ప్రశ్న ఒకటి, అడగవలసిన ప్రశ్న మరొకటి. "నెలకు ఎంత కట్టాలండీ?" అని అడుగుతాం. జీతంలో ఇమిడేటట్టు ఉంటే సంతకం పెట్టేస్తాం. "ఎన్నేళ్ళు కట్టాలి? వెరసి ఎంత కట్టాలి?" అన్న ప్రశ్న మన నోట రాదు. ఇంటి నిజమైన వెల ఆ రెండో ప్రశ్నలోనే ఉన్నది.

ఒక లెక్క వేసి చూద్దాం. 30 లక్షల అప్పు, నూటికి ఏడాదికి 8.5 వడ్డీ, 20 ఏళ్ళ గడువు. మన ఊళ్ళ లెక్కలో చెప్పాలంటే నూటికి నెలకు 71 పైసలు పడుతుంది. రూపాయి వడ్డీకి, రెండు రూపాయల వడ్డీకి అలవాటుపడ్డ చెవికి ఇది బహు చౌకగానే వినిపిస్తుంది. నెలసరి వాయిదా, అందరూ ఈఎంఐ అంటున్నది, 26,035 రూపాయలు. ఇరవై ఏళ్ళంటే 240 వాయిదాలు. అన్నీ కూడితే 62 లక్షల 48 వేలు. అంటే 30 లక్షల అసలుకు 32 లక్షల 48 వేల వడ్డీ. ఒక ఇంటికి అప్పు చేసి, రెండిళ్ళ డబ్బు కడుతున్నామన్న మాట.

వడ్డీ అనే మాట సంస్కృతంలోని వృద్ధి శబ్దం ప్రాకృతం మీదుగా మనకు చేరిన రూపం. పెరగడమే దాని స్వభావం. పేరులోనే ఉన్న సంగతిని మనం మరిచిపోవడానికి కారణం, నెలనెలా కట్టే మొత్తం ఒకటే కావడం. పైకి ఆ 26,035 మారదు. లోపల అసలు వాటా, వడ్డీ వాటా ప్రతి నెలా మారుతూనే ఉంటాయి. మొదటి నెల కట్టిన దానిలో 21,250 వడ్డీకే పోతుంది. అసలులో తగ్గేది 4,785 మాత్రమే. ఏడాదంతా 3 లక్షల 12 వేలు కట్టాక చూసుకుంటే అసలు దాదాపు 60 వేలు తగ్గి ఉంటుంది. అయిదేళ్ళు ఒక్క నెల తప్పకుండా కడితే బ్యాంకుకు చేరినది 15 లక్షల 62 వేలు, తగ్గిన అసలు 3 లక్షల 56 వేలు. ఆ అప్పులో సగం, అంటే 15 లక్షలు తీరేది పదేళ్ళకు కాదు, దాదాపు 13 ఏళ్ళ 10 నెలలకు.

ఇందులో మోసమేమీ లేదు. మిగిలి ఉన్న అసలు మీద నెల వడ్డీ లెక్కగడతారు. మొదట్లో అసలు పెద్దది గనుక వడ్డీ పెద్దది. అయిదేళ్ళకు ఇల్లు అమ్మి మరో ఊరు వెళ్ళవలసి వచ్చినవారు మాత్రం "ఇంత కట్టినా ఇంకా 26 లక్షల పైన బాకీయా?" అని నిర్ఘాంతపోతుంటారు. ఈ లెక్క ముందు తెలిసి ఉంటే ఆ ఆశ్చర్యం ఉండదు.

ఇక గడువు సంగతి. వాయిదా బరువనిపిస్తే "ముప్పై ఏళ్ళు పెట్టుకోండి, తేలికవుతుంది" అనే సలహా సులువుగా దొరుకుతుంది. అదే అప్పు, అదే వడ్డీ రేటు, గడువు మాత్రం 30 ఏళ్ళు చేస్తే వాయిదా 23,067కు దిగుతుంది. నెలకు దాదాపు 3 వేలు మిగిలాయి గదా అని సంతోషిస్తాం. వెరసి కట్టేది మాత్రం 83 లక్షల 4 వేలు. ఆ 3 వేల వెసులుబాటుకు మనం చెల్లించే వెల 20 లక్షల పైచిలుకు. అలా కాక 15 ఏళ్ళకు కుదిస్తే వాయిదా 29,542. నెలకు 3,500 ఎక్కువ కట్టినందుకు మొత్తం వడ్డీలో 9 లక్షల 30 వేలు తగ్గుతుంది. బజారులో వంకాయల దగ్గర అయిదు రూపాయలకు బేరమాడే మనం, ఈ కాగితం మీద ఒక్క అంకె మార్చి 20 లక్షలు వదులుకుంటున్నాం.

వయస్సు సంగతి కూడా చూసుకోవాలి. 38వ ఏట అప్పు చేసినవారికి 20 ఏళ్ళ గడువు 58తో తీరుతుంది. 30 ఏళ్ళ గడువు 68 దాకా పోతుంది. ప్రభుత్వోద్యోగులకు పదవీ విరమణ వయస్సు తెలంగాణలో 2021లో 61, ఆంధ్రప్రదేశ్‌లో 2022లో 62 చేశారు. ప్రైవేటు కొలువుల్లో అంతవరకు ఉంచుతారన్న భరోసా కూడా లేదు. జీతం ఆగిపోయిన తర్వాత వాయిదా ఎవరు కట్టాలి? పింఛనా, గ్రాట్యుటీయా, కొడుకా, కూతురా? ఈ ప్రశ్నకు జవాబు దొరకని గడువును ఒప్పుకోకపోవడం మంచిది.

ఇంతవరకు వడ్డీ రేటు కదలదనుకుని లెక్క వేశాం. కాని మనవాళ్ళు ఎక్కువగా తీసుకునేది మారే వడ్డీ అప్పు. 2019 అక్టోబరు 1 నుంచి బ్యాంకులు ఇలాంటి కొత్త ఇంటి అప్పుల వడ్డీని రిజర్వు బ్యాంకు రెపో రేటు వంటి బయటి కొలబద్దకు ముడిపెడుతున్నాయి. 2022 మే నెలారంభంలో 4 శాతంగా ఉన్న ఆ రెపో రేటు 2023 ఫిబ్రవరికి 6.5 అయింది. ధరల పెరుగుదలకు పగ్గం వేయడానికి రిజర్వు బ్యాంకు చేసిన పని అది. దాని దెబ్బ మధ్యతరగతి ఇంట్లో ఎలా తగిలిందో చూడండి.

2021 ఆరంభంలో ఒకరు 7 శాతం వడ్డీకి 30 లక్షలు, 20 ఏళ్ళ గడువు మీద తీసుకున్నారనుకుందాం. వాయిదా 23,259. రెండేళ్ళు కట్టేసరికి బాకీ 28 లక్షల 52 వేలు. అప్పటికి రేటు 9.5 అయింది. ఇప్పుడు నెల వడ్డీయే 22,579. అదే వాయిదా కడుతూ పోతే అసలులో తగ్గేది నెలకు 680 రూపాయలు. మిగిలిన 18 ఏళ్ళలో తీరవలసిన అప్పు, ఆ రేటు అలాగే ఉంటే, 37 ఏళ్ళకు గాని తీరదు! 18 ఏళ్ళ గడువే నిలుపుకోవాలంటే వాయిదా 27,600 చేసుకోవాలి. వాయిదా పెంచకుండా గడువు పెంచేసినప్పుడు అప్పు తీసుకున్నవారికి చాలాసార్లు ఆ సంగతే తెలియలేదు. జీతంలో కోత మారలేదు గనుక ఏమీ మారలేదనుకున్నారు.

అందుచేత రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టులో ఒక కట్టుబాటు చేసింది. రేటు మారినప్పుడు వాయిదా పెంచుకుంటారా, గడువు పెంచుకుంటారా, రెండూ కొంత కొంతా, లేక కొంత అసలు ముందే కట్టేస్తారా అన్నది అప్పు తీసుకున్నవారిని అడగాలి. నెల వడ్డీకైనా చాలని వాయిదా ఉంచి, అసలు పెరిగిపోయేటట్టు గడువు సాగదీయరాదు. మూడు నెలలకొకసారి ఎంత అసలు తీరిందో, ఎంత వడ్డీ వసూలయిందో, ఇంకా ఎన్ని వాయిదాలున్నాయో తెలపాలి. ఆ కాగితం వచ్చినప్పుడు పెళ్ళి శుభలేఖ చదివినంత శ్రద్ధగా చదవండి. అన్నిటి కంటే ముఖ్యం, మిగిలిన వాయిదాల సంఖ్య.

రేట్లు దిగిన రోజులూ ఉంటాయి. 2025లో రెపో రేటు పలుమార్లు తగ్గింది. తగ్గినప్పుడు వాయిదా తగ్గించుకోకుండా పాత వాయిదాయే కడుతూ ఉంటే గడువు దానంతటదే కుదించుకు పోతుంది. మీ ఖాతాలో అలా జరిగిందో లేదో ఒకసారి బ్యాంకుకు వెళ్ళి కనుక్కోవడంలో తప్పు లేదు.

ఇల్లు కొన్నప్పుడు అప్పులో కలవని ఖర్చులు కొన్ని ఉంటాయి. 30 లక్షలు దాటి 75 లక్షల లోపు అప్పులకు ఇంటి విలువలో 80 శాతానికి మించి బ్యాంకు ఇవ్వరాదు. తక్కింది మన చేతి డబ్బు. స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషను ఖర్చులు వేరు. వీటికి చాలక చేబదుళ్ళు, చిట్టీలు పాడి తెచ్చిన సొమ్ము, బంగారం మీద తెచ్చిన అప్పు తోడయితే, వాటి వడ్డీ కూడా ఇంటి వెలలోనే కూడాలి.

బీమా విషయంలో మరొక మెలిక ఉన్నది. సంపాదించేవారికి ఏదైనా జరిగితే అప్పు ఆగదు. 2002 నాటి సర్‌ఫేసీ చట్టం ప్రకారం, బాకీ నిలిచిపోతే బ్యాంకు నోటీసు ఇచ్చి, కోర్టుకు పోకుండానే ఇంటిని వేలం వేయవచ్చు. అంచేత బీమా అవసరమే. కాని లక్ష రూపాయల ప్రీమియం ఒకేసారి అప్పులో కలిపేస్తే, మన మొదటి లెక్క ప్రకారం 20 ఏళ్ళలో ఆ లక్షకు 2 లక్షల 8 వేలు కడతాం. ఏడాదికేడాది ప్రీమియం కట్టే టర్మ్ పాలసీ విడిగా ఎంతకు వస్తుందో విచారించి, రెండూ పోల్చి చూసుకున్నాకే సంతకం పెట్టండి.

ఇదంతా చదివి భయపడనక్కరలేదు. వడ్డీ మనకు వ్యతిరేకంగా ఎలా పెరుగుతుందో, ముందుగా కట్టినప్పుడు అలాగే మన పక్షాన పని చేస్తుంది. మొదటి లెక్కలోని 30 లక్షల అప్పు మీద, ఏడాది నిండగానే ఒక లక్ష అదనంగా కట్టి, వాయిదా మార్చకుండా ఉంచితే చివరన 18 వాయిదాలు ఎగిరిపోతాయి. అంటే ఆ లక్ష దాదాపు 4 లక్షల 70 వేలకు సమాధానం చెప్పింది. అదే లక్ష 15 ఏళ్ళు గడిచాక కడితే ఆరు వాయిదాలు కూడా తగ్గవు. లక్ష ఒకటే, కట్టిన కాలం వేరు. ఒకేసారి లక్ష తేలేనివారు ఏటా ఒక్క వాయిదా అదనంగా కట్టవచ్చు. బోనసో, కరవు భత్యం బకాయిలో చేతికి వచ్చినప్పుడు ఆ పని చేస్తే 20 ఏళ్ళ అప్పు 17 ఏళ్ళు నిండకుండానే తీరిపోతుంది. వడ్డీలో 6 లక్షల పైన మిగులుతుంది. మారే వడ్డీ మీద తీసుకున్న ఇంటి అప్పును ముందే కట్టినందుకు బ్యాంకులు జరిమానా వేయరాదని 2012 నుంచి నిబంధన ఉన్నది.

"పన్ను మినహాయింపు పోతుంది గదా, ముందే ఎందుకు తీర్చడం?" అనేవారున్నారు. పాత పన్ను పద్ధతిలో, మనం కాపురముండే ఇంటి అప్పు వడ్డీ మీద మినహాయింపు ఏడాదికి 2 లక్షలకు మించదు. 30 శాతం పన్ను కట్టేవారికి కూడా అందువల్ల మిగిలేది సుమారు 62 వేలు. కొత్త పద్ధతి ఎంచుకున్నవారికి అదీ లేదు. పన్నులో 62 వేలు మిగిల్చుకోవడానికి బ్యాంకుకు 2 లక్షలు ఇవ్వడం లాభమెలా అవుతుందో నాకు బోధపడదు.

మరో వాదంలో మాత్రం నిజం ఉన్నది. ఇరవై ఏళ్ళ తర్వాత కట్టే 26 వేలు ఈనాటి 26 వేలంత బరువుండవు. జీతాలు పెరుగుతాయి, రూపాయి విలువ తగ్గుతుంది. సొంత ఇంట్లో ఉన్నందుకు అద్దె మిగులుతుంది, ఇంటివారితో మాట పడే బాధ తప్పుతుంది. ఇవన్నీ లెక్కలో రెండో వైపున వ్రాసుకోవలసినవే. అయితే వాయిదా తేలికపడే ఆ చివరి ఏళ్ళ కోసం, పిల్లలు చిన్నవాళ్ళుగా ఉన్న మొదటి ఏళ్ళను గాలి ఆడకుండా బిగించుకోకూడదు. వాయిదా కట్టాక బడి ఫీజుకూ, వైద్యానికీ, ఆర్నెల్ల ఇంటి ఖర్చు చేతిలో ఉంచుకోవడానికీ వీలు లేకపోతే, ఆ ఇల్లు మనకు ఒక గది ఎక్కువైనట్టే.

2024 అక్టోబరు నుంచి, అప్పు ఒప్పందానికి ముందు ముఖ్యాంశాల పత్రం ఒకటి బ్యాంకులు ఇవ్వాలి. అన్ని రుసుములూ కలిపితే ఏడాదికి రేటు ఎంత పడుతుందో, ఏ నెల వాయిదాలో అసలెంతో వడ్డీ ఎంతో అందులో ఉంటుంది. అప్పు తీసుకునేవారికి అర్థమయ్యే భాషలోనే అది ఉండాలని కూడా నిబంధన. తెలుగులో ఇమ్మని అడగండి. ఇంటికి తెచ్చుకుని, భార్యాభర్తలు ఇద్దరూ చదివి, చివరి వాయిదా ఏ నెల, ఏ ఏడో చూసుకుని, ఆ తేదీని వంటింటి క్యాలెండరు పక్కన వ్రాసి పెట్టుకోండి. ఏటా సంక్రాంతికి అది ముందుకు జరిగిందా, వెనక్కు జరిగిందా అని చూడండి.

అప్పు పూర్తిగా తీరిన 30 రోజులలోగా దస్తావేజులు తిరిగి ఇవ్వాలి. బ్యాంకు తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 చొప్పున పరిహారం చెల్లించాలి. 2023 డిసెంబరు నుంచి అమలులో ఉన్న ఈ నిబంధన సంగతి కూడా గుర్తుంచుకోండి. అసలు కంటే వడ్డీ ముద్దు అని మనవాళ్ళు మనుమల విషయంలో అన్నమాట. బ్యాంకు విషయంలో కాదు. ఆ మనుమలు పుట్టేనాటికి దస్తావేజులు మన బీరువాలో ఉండాలి.