తీర్పు కాపీ ఆమె చేతికీ ఇవ్వాలి

ఎల్లారెడ్డి బస్టాండులో కామారెడ్డి బస్సు కోసం కూర్చున్న ఒక అమ్మాయి ప్లాస్టిక్ కవరులోంచి కాగితాలు తీసి నా చేతిలో పెట్టింది. పెళ్లి పత్రిక, పెళ్లి ఫొటో, ఎఫ్ఐఆర్ జిరాక్సు ఉన్నాయి. తీర్పు మాత్రం లేదు. "కేసు కొట్టేసిన్రట సార్. కోర్టు కానిస్టేబుల్ ఫోన్ల చెప్పిండు. మల్ల ఏడికి వోవాలె?" అని అడిగింది. ఏ కోర్టన్నది ఇక్కడ అనవసరం. వాయిదాకు పోయిన రోజల్లా ఆమెకు బీడీల కూలి పోయింది. అన్నేళ్ల తిరుగుడుకు చివర దక్కింది ఒక ఫోన్ కాల్.

ఎక్కడికి పోవాలో చట్టంలో ఉంది. మేజిస్ట్రేటు కోర్టు 498-ఎ కేసు, అంటే కట్నం వేధింపుల కేసు, కొట్టేస్తే సెషన్స్ కోర్టులో అప్పీలు చేసుకోవచ్చు. ఎల్లారెడ్డి వాళ్లకు అది కామారెడ్డిలోనే ఉంది. 2022 జూన్ 2న కామారెడ్డి విడి జ్యుడీషియల్ జిల్లా అయింది, అంతకుముందు నిజామాబాద్ జిల్లా కోర్టు కింద ఉండేది. ఈ విడి జిల్లా కోర్టు రావడానికి ముందే, 2009 డిసెంబరు 31 నుంచి, అప్పీలు హక్కు బాధితురాలి సొంతమైంది. అంతవరకు పోలీసు కేసులో ముద్దాయిని వదిలేస్తే ఆమె రివిజన్ వేయగలిగేది అంతే, ఆ రివిజన్‌లో కోర్టు నేరుగా శిక్ష వేయడానికి వీల్లేదు. ఈ అప్పీలుకు ముందస్తు అనుమతి కూడా అక్కర్లేదని 2018లో మల్లికార్జున కొడగలి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కొత్త నాగరిక్ సురక్షా సంహితలో ఇదే హక్కు 413వ సెక్షన్‌లో ఉంది.

ప్రభుత్వమూ అప్పీలు వేయవచ్చు. ఇలాంటి కేసుల్లో ప్రభుత్వ వకీలును (పీపీని) ఆదేశించాల్సింది జిల్లా మేజిస్ట్రేటు, అంటే కలెక్టరు. దానికి గడువు 90 రోజులు. ఫైలు బల్లల మీద తిరుగుతుంటే 90 రోజులు ఎంతసేపు?

జైలు శిక్ష పడ్డ ముద్దాయికి తీర్పు కాపీ అప్పటికప్పుడు ఉచితంగా ఇవ్వాలని చట్టం చెబుతోంది. అది న్యాయం. ఓడిపోయిన ఆడమనిషి మాత్రం దరఖాస్తు పెట్టుకుని తెచ్చుకోవాలి. అలా పెట్టుకోవాలని కూడా ఆమెకు ఎవరూ చెప్పరు. ఇది నాకు మింగుడుపడదు.

అయితే అప్పీలు వేస్తే చాలు గెలుస్తామని నేను చెప్పను. కేసు చాలాసార్లు స్టేషన్లోనే ఓడిపోతుంది. "కొన్నాళ్లు బాగానే చూసుకున్నారు, తర్వాత అదనపు కట్నం కోసం శారీరకంగా, మానసికంగా వేధించారు" అని ఫిర్యాదుకు ఒక అచ్చు ఉంది. ఆ అమ్మాయి కాగితంలోనూ అదే ఉంది. బస్సు వచ్చేలోగా ఆమె నాతో చెప్పింది వేరు. బతుకమ్మకు పుట్టింటికి వచ్చి తిరిగి వెళ్లిన నాడు, బండికి పైసలు తేలేదని వాకిట్లోనే నిలబెట్టారట. పొద్దుగూకే దాకా అట్లనే నిలబడితే పక్కింటామె పిలిచి అన్నం పెట్టిందట. రోజు ఉంది, అడిగిన వస్తువు ఉంది, చూసిన మనిషి ఉంది. కాగితంలో ఇవేవీ లేవు. ఇదే మాట బోనులో మొదటిసారి చెబితే "పోలీసులకు ఇది చెప్పలేదు కదమ్మా" అంటాడు ముద్దాయి వకీలు.

అప్పీలులో జడ్జి మళ్లీ చదివేది ఆ రికార్డునే. కింది కోర్టు వదిలేసిన మనిషి నిర్దోషి అన్న భావన రెట్టింపు బలంగా ఉంటుందని 2007లో చంద్రప్ప కేసులో సుప్రీంకోర్టు తీర్పు. మన తెలంగాణ నుంచే వెళ్లిన దారా లక్ష్మీనారాయణ కేసును 2024 డిసెంబరులో సుప్రీంకోర్టు కొట్టేసింది, ఆరోపణల్లో నిర్దిష్టత లేదన్నది అందులో ముఖ్య కారణం. తప్పు చేయని ఆడబిడ్డనో, ముసలి అత్తనో కేసులోకి లాగకూడదన్నది నిజం. అందుకే ఎవరు, ఏ రోజు, ఏం అడిగారు, ఎవరు చూశారు అన్నది ఫిర్యాదులోనే పడాలి. అలా రాస్తే నిజంగా బాధపడ్డ ఆమె గెలుస్తుంది, అమాయకులు బయట ఉంటారు.

కలెక్టరు గారికి ఒక విన్నపం. కట్నం వేధింపుల కేసుల్లో కొట్టేసిన ప్రతి తీర్పునూ నెల తిరిగేలోపు పీపీతో చదివించండి. అప్పీలుకు పనికిరాకపోతే ఎందుకో ఆ అమ్మాయికి తెలుగులో ఒక ఉత్తరం రాయించండి.

కేసు పోయిన అక్కచెల్లెళ్లకు ఒక మాట. ఆలస్యం చేయకుండా తీర్పు కాపీకి దరఖాస్తు పెట్టండి. 1987 న్యాయసేవల చట్టం కింద ఆడవాళ్లకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు. ఫోన్ నంబరు 15100.