ఎన్నూరు చమురు తెట్టు: మూగజీవాల వంతు ఎప్పుడు?

నారాయణపేటకు సముద్రం చాలా దూరం. అయినా 2023 డిసెంబరులో చెన్నై చెంతన జరిగినది మనమూ ఆలోచించవలసిన విషయమే. మిచాంగ్ తుపాను వరదల్లో ఎన్నూరు కయ్యలోకి చమురు చేరింది. మనలిలోని ప్రభుత్వరంగ శుద్ధి కర్మాగారం నుంచి వాననీటితో కలిసి వచ్చిందని తమిళనాడు కాలుష్య నియంత్రణ మండలి పేర్కొంది. బెస్తవారి పడవలు, వలలు నల్లబడ్డాయి. గూడబాతుల రెక్కలకు జిడ్డు పట్టింది.

పక్షికి ఈకలే గొడుగు, ఈకలే దుప్పటి. చమురు పట్టితే నీరు లోపలికి దిగి ఒళ్లు చల్లబడుతుంది. ముక్కుతో దువ్వుకుంటే విషం కడుపులోకి పోతుంది.

పైగా డిసెంబరు వలసకాలం. దూరదేశాల ఉల్లంకి పిట్టలు ఎన్నూరులోనూ, దానికి ఉత్తరాన మన ఆంధ్ర తీరాన్ని ఆనుకొని ఉన్న పులికాట్ సరస్సులోనూ బురదలోని పురుగులు తిని బతుకుతాయి. వాటిలో వంపుముక్కు గల కర్ల్యూ శాండ్‌పైపర్‌ను 2024లో అంతర్జాతీయ ప్రకృతి పరిరక్షణ సంఘం ముప్పున్న జాతుల్లో చేర్చింది.

చమురు తీయవలసిందే. ఎలా తీయాలన్నదే ప్రశ్న. ఎన్నూరులో బెస్తవారే మగ్గులతో, చేతులతో తోడారు. వారికి తొడుగులూ కావాలి, కూలీ కావాలి, పరిహారమూ కావాలి. అయితే బురదనేలపై ఇష్టం వచ్చినట్లు తిరిగితే చమురు లోపలికి కూరుకుపోతుంది, పిట్టలు మేత వదిలి లేచిపోతాయి. మేత నశిస్తే పక్షికే కాదు, చేపకూ, బెస్తవానికీ నష్టమే. కనుక ముందు తేలే అడ్డుకట్టలతో చమురును బురదనేలకు చేరకుండా ఆపాలి. మనుషులు నడిచే దారులు గుర్తుపెట్టాలి. జిడ్డుపట్టిన పక్షిని ఎవరుపడితే వారు కడగరాదు. వెచ్చగా, చప్పుడు లేనిచోట ఉంచి, తేరుకున్నాక తెలిసినవారే కడగాలి.

ఇది సాధ్యమేనా? 2000 జూన్‌లో దక్షిణాఫ్రికాలోని కేప్‌టౌన్ దగ్గర 'ట్రెజర్' ఓడ మునిగినప్పుడు సుమారు 19,000 పెంగ్విన్‌లను పట్టి శుభ్రం చేశారు. ఇంకా జిడ్డు అంటని మరో 19,500 పక్షులను ముందే పట్టి దూరతీరానికి తరలించారు. అవి ఈదుకుంటూ తిరిగి వచ్చేలోగా ఒడ్డు శుభ్రమైంది. కడగడం కన్నా తప్పించడం మేలని ఆ అనుభవం చెబుతోంది.

ఇల్లు కాలుతుండగా బావి తవ్వితే ప్రయోజనం లేదు. చమురు కర్మాగారం, రేవు ఉన్న ప్రతిచోటా ఈ ఏర్పాట్లు ముందే ఉండాలి. ఇక మన వంతు? మెకానిక్ షెడ్డులో తీసిన పాత ఇంజన్ ఆయిల్ కాలువలో పోస్తే అది చెరువుకే చేరుతుంది. ఆ చెరువు గట్టున కూడా పిట్టలు వాలుతాయి. నీరు మనకు అమానతు. అమానతును పాడుచేసే హక్కు ఎవరికీ లేదు.