లయకు వారసులెవరు?

ఇంటి కంప్యూటరు ముందు ఆటలాడే పిల్లలను పెద్దలు మందలించడం పరిపాటి. ఆట కేవలం కాలక్షేపమన్న భావనయే అందుకు కారణం. కాని కొన్ని ఆటల వెనుక ఒక కళ, ఒక శాస్త్రం, ఎందరి శ్రమయో దాగి ఉంటాయి. జపానులో పుట్టిన లయప్రధానమైన వీడియో ఆటలు అటువంటివి. అక్కడి వినోదశాలలలో కొనామి సంస్థ 1997లో ‘బీట్‌మేనియా’ను, 1998లో ‘డాన్స్ డాన్స్ రెవల్యూషన్’ను ప్రవేశపెట్టింది. 2001లో నామ్కో సంస్థ ‘తైకో నో తత్సుజిన్’ను తెచ్చింది. మొదటిదానిలో మీటలు నొక్కాలి. రెండవదానిలో పాదాలతో బాణపు గుర్తులను తొక్కాలి. మూడవదానిలో కర్రలతో డప్పు మోగించాలి. తెరపై సాగివచ్చే గుర్తు గమ్యం చేరిన క్షణంలోనే దెబ్బ పడాలి.

యంత్రాలు శాశ్వతాలు కావు. తెరలు మసకబారుతాయి, విడిభాగాలు దొరకవు. యంత్రంతో పాటు ఆటా అంతరించే ప్రమాదముంది. దీనికి విరుగుడే ఎమ్యులేషన్. ఒక యంత్రం పనితీరును మరొక యంత్రం యథాతథంగా అనుకరించడమే దీని సారం. 1997లో నికోలా సాల్మోరియా ఆరంభించిన ‘మేమ్’ అనే ప్రోగ్రాము ఇందుకు ప్రసిద్ధమైన ఉదాహరణ. లయప్రధానమైన ఆటలలో ఈ అనుకరణ మరింత కష్టసాధ్యం. ధ్వని సెకనులో పదోవంతు ఆలస్యమైనా తాళం తప్పినట్లే. అందుకే ఔత్సాహికులు ఆ తేడాను ఎంతో ఓర్పుతో సరిచేస్తారు. హక్కుదారుల అనుమతి లేకుండా ఆటల ప్రతులను పంచడం నిస్సందేహంగా తప్పే. అంతమాత్రాన ఈ సాధనాన్నే చోరవిద్యగా నిందించడం న్యాయం కాదు.

ఈ ఓర్పు నుండి ఉత్తరాంధ్ర నేర్చుకోవలసినది ఉంది. ఈ ప్రాంతం లయకు పుట్టినిల్లు వంటిది. విజయనగరంలో 1919లో వెలసిన సంగీత కళాశాలకు తొలి అధ్యక్షుడు ఆదిభట్ల నారాయణదాసు (1864-1945). చేతులు, పాదాలు, శిరస్సులతో ఏకకాలంలో ఐదు తాళాలను ప్రదర్శించే ‘పంచముఖి’లో ఆయన మేటి. ఆ అద్భుతాన్ని నేటి విద్యార్థి కథగా వినవలసిందే. పండిత లోకానికి ఆవల శ్రీకాకుళం, విజయనగరం పల్లెలలో తప్పెటగుళ్లు ఉన్నాయి. యాదవ కళాకారులు రొమ్మున కట్టుకొన్న తప్పెటను రెండు చేతులా వాయిస్తూ, గజ్జెల కాళ్లతో ఎగిరి అడుగులు వేస్తారు.

జపాను ఆట కొయ్యబారకుండా కాపాడుతున్న శ్రద్ధలో కొంతయినా ఈ కళకు దక్కవద్దా? ప్రతి దరువును, ప్రతి అడుగును దృశ్యరూపంలో, ధ్వనిరూపంలో భద్రపరచడం నేడు అసాధ్యం కాదు. అయితే భద్రపరచినంత మాత్రాన కళ బ్రతకదు. కంప్యూటరు తెర తప్పొప్పులను లెక్కించి చూపగలదు. తడబడినవానిని తనతో కలుపుకొని అడుగు వేయించలేదు. ఆ పని గురువు చేయాలి, జట్టులోని తోడివాడు చేయాలి.

కనుక యువత ఆటను విడిచిపెట్టనక్కరలేదు. మీటలపై లయ తెలిసిన వ్రేళ్లు ఒకనాడు తప్పెటపైనా పడాలి. యంత్రం కొలతను కాపాడుతుంది. కళకు ప్రాణం పోయవలసినవాడు మాత్రం మనిషే.