సెట్టింగేగా!

"ఆ, ఏముందండీ, సెట్టింగేగా!" అంటూ పెదవి విరవడం మనకు మహా అలవాటు. ఆ "ఏగా" మీదే నా పోట్లాట.

'మాయాబజార్' (1957) అనగానే రంగారావునూ సావిత్రినీ తలుచుకుంటాం. వాళ్లకు ద్వారకనూ మాయామహళ్లనూ కట్టిపెట్టిన గోఖలే, కళాధర్‌ల పేర్లు ఎందరికి గుర్తు? తోట తరణి 'నాయకన్' (1987) కోసం మద్రాసు స్టూడియోలో బొంబాయి ధారావిని నిలబెట్టి జాతీయ బహుమతి అందుకున్నారు. బాగా కుదిరితే అది సెట్టని తెలియదు గనుక ప్రేక్షకుడి మెప్పుండదు. కుదరకపోతే "అట్టముక్కలు" అని వెక్కిరింత! ఇదెక్కడి న్యాయం?

బొమ్మ గీయడం వస్తే చాలదు. వడ్రంగినీ రంగులవాణ్నీ నడపాలి, కెమెరా ఎక్కడ నిలుస్తుందో ముందే ఊహించాలి, నిర్మాత డబ్బుకు లెక్క చెప్పాలి. పంజగుట్ట నుంచి అమీర్‌పేట దాకా నడిస్తే కంప్యూటర్ కోర్సుల బోర్డులు లెక్కకందవు. ఈ విద్య పేరున్న బోర్డు ఒక్కటీ నా కంటబడలేదు. అదీ ఎక్కడ? 'మా ఇంటి మహాలక్ష్మి' (1959)ని పూర్తిగా హైదరాబాదులోనే తీసిన సారథీ స్టూడియో ఉన్న పేటలో!

షూటింగవగానే సెట్టు విప్పేస్తారు, సరే, చోటు కావాలి. దాని కోసం గీసిన బొమ్మలనైనా దాచి నలుగురికీ చూపొద్దూ? మనమూ తెరమీద పేర్లు పడేటప్పుడు కుర్చీలోంచి లేవకుండా కళాదర్శకుడి పేరు చదువుదాం.